అమ్మవారి పళ్ళెంలో కలిసిపోయిన జెట్లు

మీకొక మహాగాథ చెప్పబోతున్నాను. ఇందులో రాజ్యం పోగొట్టుకున్న వీరుడున్నాడు. కరుణ తెలియని దండనాయకుడున్నాడు. తెలిసీ మౌనం వహించిన గురువున్నాడు. సాక్షాత్తూ దుర్గమ్మ ముందు శపథం ఉంది.

ఇంతవరకూ రాసి, చాయ్ తాగి వచ్చి, మళ్ళీ చదువుకుంటే నాకే సిగ్గేసింది. మహాగాథ ఏమీ లేదు. చిటికెనవేలి గోరంత ఇత్తడి స్క్రూ గురించి జరిగిన గొడవ ఇది. వీరుడు కారు డ్రైవరు. దండనాయకుడు ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసరు. గురువు మా షెడ్డు ఫోర్‌మన్. శపథం చేసినరోజు కూడా మధ్యాహ్నం భోజనం వేళకు అందరూ క్యాంటీన్‌లో ఉన్నారు.

పటాన్‌చెరు దగ్గర ఒక సర్కారు ఫ్యాక్టరీలో, బండ్లు బాగుచేసే షెడ్డులో నా ఉద్యోగమంతా గడిచింది. ప్రమోషన్ల గురించి రాయను, రాసేటన్ని రాలేదు. మెకానిక్ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళ కోసం ఇది రాస్తున్నాను. ఇప్పటి కార్లలో కార్బరేటరే లేదు, ఈ పాత సోది మాకెందుకంటారు. పాత బండ్ల పిచ్చివాళ్ళు ఇంకా ఉన్నారు. ఏదో ఒకరోజు మీ గ్యారేజీకే వస్తారు. పైగా కార్బరేటర్ పోయింది గానీ, బండిలో ఉన్న లోపాన్ని మనిషి మీద రుద్దే అలవాటు ఎక్కడికీ పోలేదు. దానికి కొత్త మోడల్ కూడా రాలేదు.

జెట్టంటే ఏంది

కార్బరేటర్ చేసేది పెట్రోలును గాలితో కలిపి ఇంజన్‌కు పంపడం. ఎంత గాలికి ఎంత పెట్రోలు వెళ్ళాలో తేల్చేది జెట్టు. ఇత్తడి స్క్రూకు నడిమధ్యలో పొడుగునా ఒక సన్నటి బెజ్జం ఉంటుంది, అంతే. ఆ బెజ్జం ఎంత వెడల్పో దాని నెత్తిమీద అంకె కొట్టి ఉంటుంది. అంకె పెద్దదైతే బెజ్జం పెద్దది, బెజ్జం పెద్దదైతే పెట్రోలు ఎక్కువ. ఇందులో వేదాంతం లేదు. ఉన్నట్టు మాట్లాడే మెకానిక్ కనిపిస్తే బండి తాళాలు తీసుకుని బయటపడండి.

బండి ఆగి గుడగుడమంటున్నప్పుడు పనిచేసేది చిన్నది, స్లో జెట్టు. అందులో నలుసు పడితే, కాలు తీయగానే ఇంజన్ చచ్చిపోతుంది; తొక్కితే మళ్ళీ బాగానే ఉంటుంది. రోడ్డు మీద పరుగుకు పెట్రోలు ఇచ్చేది మెయిన్ జెట్టు. అది మూసుకుంటే నిలబడ్డప్పుడు పెళ్ళికొడుకులా ఉంటుంది, లోడు పడగానే దగ్గుతుంది. మూడోది ఎయిర్ జెట్టు. వేగం పెరిగేకొద్దీ పెట్రోలు వంతు మితిమీరకుండా గాలి కలుపుతుంది.

మెయిన్ జెట్టు ఉండాల్సినదానికంటే పెద్దదైతే పొగ నల్లగా వస్తుంది, ప్లగ్గు మొన మసి పడుతుంది, పెట్రోలు నీళ్ళలా పోతుంది. చిన్నదైతే ప్లగ్గు తెల్లగా సున్నం కొట్టినట్టవుతుంది, ఇంజన్ కాగిపోతుంది, ఎత్తు ఎక్కదు, కార్బరేటర్‌లోంచి టప్పుమని తుమ్ముతుంది. అంటే, జబ్బేమిటో ప్లగ్గే చెబుతుంది. మా షెడ్డులో అది రెండుసార్లు చెప్పింది. ఎవరూ వినలేదు. అదే నా కోపం. ఇన్నేళ్ళైనా తగ్గని కోపం.

కాలర్‌లో తీగ

మా ఫోర్‌మన్ రామ్మూర్తిగారు తెనాలి వైపు నుంచి వచ్చారు. ఫ్యాక్టరీ పెట్టిన కొత్తల్లోనే కుటుంబంతో సహా వచ్చి స్థిరపడ్డారు. చేతిలో పని ఉంది, మాటలో చక్కెర ఉంది, నుదుట బొట్టు ఉంది. చొక్కా కాలర్ వెనక ఒక ఉక్కు తీగ గుచ్చుకుని ఉండేవారు, సైకిల్ బ్రేక్ వైరులోంచి లాగిన ఒంటిపోగు. ఏ బండి దగ్గినా ఆ తీగ తీసి జెట్టులో దూర్చి, సన్నాయిలా నోట్లో పెట్టుకుని ఊదేవారు. చుట్టూ మేము భక్తితో నిలబడేవాళ్ళం.

అది తప్పు. ఇత్తడి మెత్తన, ఉక్కు మొండి. తీగ దూర్చిన ప్రతిసారీ బెజ్జం కాస్త అరుగుతుంది. నెత్తిమీద అంకె ఒకటి, లోపల బెజ్జం ఇంకొకటి అవుతుంది. జెట్టును పెట్రోలులో నానబెట్టి, గాలి కొట్టి, వెలుతురుకు పట్టి చూడాలి. అప్పటికీ మురికి పోకపోతే కొత్తది వేయాలి. కొత్తవి మా స్టోర్‌లో ఉండేవి. తాళం రామ్మూర్తిగారి దగ్గర. అడిగితే, "తీగుండగా కొత్త జెట్టెందుకయ్యా సత్తయ్యా, పెళ్ళికి పోతామా?" అనేవారు.

"పెండ్లికి గాదు సార్, సదాశివపేటకు. ఆడిదాంక పోవాలె గద బండి" అన్నాను ఒకసారి. ఒక వారం నాకు గుంతలో దిగి గ్రీజు కొట్టే పని పడింది.

మనిషి మంచివాడని ముందే చెబుతున్నాను. నాకు పని నేర్పింది ఆయనే. అందుకే కోపం ఎక్కువ. చెడ్డవాడు నోరు మూసుకుంటే ఊరికి లాభమే.

నర్సింలు

ఆఫీసరు కారు తోలేది నర్సింలు. ఇస్నాపూర్ మనిషి. ఫ్యాక్టరీకి భూమి పోయినవాళ్ళ ఇంటికి ఒక ఉద్యోగం అని సర్కారు అన్నప్పుడు, వాళ్ళ నాయన వేలిముద్ర వేస్తే కొడుకుకు దొరికిన నౌకరి అది. మా షెడ్డు ఉన్నచోటే వాళ్ళ జొన్నచేను ఉండేదట. గ్రీజు గుంత చూపించి, "ఈడనే తమ్మీ మా బాయి. నీళ్ళు తియ్యగ ఉండె. ఇప్పుడు గూడ మస్తు ఊరుతది, నూనె" అనేవాడు.

వాళ్ళకు మిగిలింది ఇల్లే. రెండు గదులు కిరాయికిచ్చారు. అందులో ఒకటి నాది. కనుక అతని సంగతి నాకు షెడ్డులోనూ తెలుసు, ఇంట్లోనూ తెలుసు. చేను పోయాక ఆ కుటుంబానికి ఆ నౌకరి తప్ప ఇంకేమీ లేదు. అది పోతే తిరిగి వెళ్ళడానికి చేను కూడా లేదు; దానిమీద మా షెడ్డు ఉంది. ఈ ఒక్క సంగతి మనసులో పెట్టుకుని మిగతాది చదవండి.

దసరా

పెట్రోలు ధర ఒక్కసారిగా మండిపోయిన రోజులవి. మా ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసరు చక్రపాణిగారికి పైనుంచి చీవాట్లు పడ్డాయి. ఆయన కిందికి దించారు. పెట్రోలు కంటే చీవాట్లే వేగంగా కిందికి పారతాయి, వాటికి జెట్టు అక్కర్లేదు. అప్పటినుంచి ఆయన ప్రతి డ్రైవరునూ జేబుదొంగను చూసినట్టు చూసేవారు.

ఆ ఏడాది దసరా వచ్చింది. ఆయుధపూజ మా షెడ్డులో పెద్ద పండుగ. పానాలు, సుత్తులు, జాకీలు అన్నీ కడిగి, పసుపు రాసి, కుంకుమ పెట్టి అమ్మవారి పటం ముందు పేర్చేవాళ్ళు. రామ్మూర్తిగారి భక్తి అంతటితో ఆగదు. అన్ని బండ్ల కార్బరేటర్లూ విప్పించి, జెట్లు తీయించి, తళతళా కడిగి, ఒక్క ఇత్తడి పళ్ళెంలో పోసి అమ్మవారి ముందు పెట్టేవారు. "బండికి ప్రాణం ఎక్కడుందో పూజ అక్కడ జరగాలి" అనేవారు. మాట బాగుంది. పెట్రోలు వాసనకు ఊదొత్తులు దూరంగా పెట్టించేంత తెలివీ ఉంది. పూజ అయ్యాక ఏ జెట్టు ఏ బండిదో చూసి బిగించేంత తీరిక మాత్రం ఎవరికీ లేదు. పులిహోర వచ్చేసింది.

నేనుంటే అడ్డం చెప్పేవాడినని ఇప్పుడు గొప్పలు పోవచ్చు. చక్రాల కింద పెట్టే నిమ్మకాయలకు నన్ను సంగారెడ్డి పంపారు. తిరిగొచ్చేసరికి బండ్లన్నీ బిగించి, దండలు వేసి, పెళ్ళివారిలా నిలబడి ఉన్నాయి.

రెండు ఫిర్యాదులు

పండుగ అయిన వారంలోనే క్యాంటీన్ వ్యాను డ్రైవరు సూరన్న వచ్చి మొత్తుకున్నాడు. అతనిది కాకినాడ వైపు. నోరు తెరిస్తే మూయడు. "ఫోర్‌మన్‌గారండీ, నా వ్యాను ఎత్తు చూడగానే మా మావగారిలా ఆయాసపడిపోతోందండి. మధ్యలో తుమ్ముతోంది కూడాను. ఏదైనా కషాయం పోయండి."

"లోడు తగ్గించు" అన్నారు రామ్మూర్తిగారు.

"లోడంటే అన్నం గుండిగలండి. తగ్గిస్తే నన్నే తింటారు."

ప్లగ్గులు విప్పాను. తెల్లగా, సున్నంలా. చూపించాను. "పెట్రోల్లో కల్తీ" అని ఆయన తేల్చేశారు.

అదే వారంలో ఆఫీసరు కారు పెట్రోలు తాగడం మొదలుపెట్టింది. మామూలు దారే, మామూలు తిరుగుడే, బంకుకు మాత్రం మాటిమాటికీ పోతోంది. ఆ ప్లగ్గులూ విప్పాను. కాటుకలా మసి. చూపించాను. "నర్సింలు పొద్దున స్టార్టు చేసేటప్పుడు పెట్రోలు ఎక్కువ రావడానికి చోక్ లాగి, మళ్ళీ నెట్టడం మర్చిపోతున్నాడు" అన్నారు.

పూజ దాకా బాగున్న రెండు బండ్లు. పూజ తర్వాత ఒకటి పస్తుంటోంది, ఇంకొకటి అతిగా తింటోంది. పక్కపక్కనే నిలబడి ఉన్నాయి. చేయి చాపితే రెండూ తగులుతాయి. రెండింటినీ కలిపి ఆలోచించినవాడు షెడ్డులో ఒక్కడు లేడు. ఎందుకంటే వ్యానుది బండి జబ్బు అనుకున్నారు. కారుది మనిషి జబ్బు అనుకున్నారు. ఈ పనిలోకి వచ్చేవాళ్ళకు నేను చెప్పే పెద్ద మాట ఇదే: దొంగ దొరికాడని అనుకున్న క్షణం నుంచి మెకానిక్ కళ్ళు పనిచేయవు.

చక్రపాణిగారు నర్సింలును పిలిచారు. "పెట్రోలు ఎక్కడ అమ్ముతున్నావు?"

"నేనెందుకు అమ్ముత సార్? నాకు గంత హిమ్మత్ ఉంటె డ్రైవర్ పని ఎందుకు చేస్త?"

"నెలాఖరు దాకా చూస్తాను. తేలకపోతే ఇంటికి పోతావు."

ఇస్నాపూర్‌కు ఆ మాట బస్సుకంటే ముందు చేరింది. పక్కగదిలో కిరాయికున్న ఫిట్టరు ఎందుకో గది మారాడు. నర్సింలు భార్య బాలమణి వాకిట్లో చాటతో బియ్యం చెరుగుతూ నన్ను ఆపింది.

"ఏం తమ్మీ, దొంగింట్ల కిరాయికుంటున్నవ్ గద, నీకు బయం గాదా?"

"నాతాన ఏముంది వదినా ఎత్తుకపోనీకి? ఒక చెప్పు తెగింది గూడ."

ఆమె నవ్వలేదు. "మీ షెడ్డుల గిన్ని పానాలున్నయ్, గిన్ని సుత్తులున్నయ్. ఒక్కనికన్న కారు విప్పి సూడబుద్ధి గాలేదా? మనిషినే విప్పుతున్నరు."

 

ప్రమాణం

రామ్మూర్తిగారు ఒక ఉపాయం చెప్పారు. ఇస్మాయిల్‌ఖాన్‌పేటలో దుర్గాభవాని గుడి ఉంది. అక్కడ అబద్ధపు ప్రమాణం చేయడానికి ఈ చుట్టుపక్కల ఎవడికీ ధైర్యం చాలదు. నర్సింలుతో అక్కడ ప్రమాణం చేయిస్తే తేలిపోతుందన్నారు. ఇంజనీరింగ్ చదివిన చక్రపాణిగారు బాగుందన్నారు. కార్బరేటర్ విప్పడం కంటే దేవతను సాక్ష్యానికి పిలవడమే వాళ్ళకు తేలికగా అనిపించింది.

వెళ్ళడానికి వేరే డ్రైవరు ఖాళీ లేడు. కనుక ముద్దాయే కారు తోలాడు, న్యాయమూర్తి వెనక సీట్లో కూర్చున్నారు, సాక్షిగా నేను ముందు కూర్చున్నాను. బయల్దేరేముందు బంకులో ట్యాంకు మూతిదాకా నింపించి, మూతకు తాళం వేసి, తాళంచెవి చక్రపాణిగారే జేబులో వేసుకున్నారు. దారి పొడుగునా "మెల్లిగా పోనీ, మెల్లిగా పోనీ" అంటూనే ఉన్నారు. ఎడ్లబండ్లు మమ్మల్ని దాటలేదంటే అవి గౌరవంగా ఆగినందుకే.

నర్సింలు నెత్తిన నీళ్ళు పోసుకుని, తడిబట్టలతో నిలబడి, అరచేతిలో కర్పూరం వెలిగించుకున్నాడు. "అమ్మా, సుక్క పెట్రోలు నేను తీసినట్టయితే నా ఇల్లు నాశనం గానీ" అన్నాడు. చేయి కాలింది. పూజారి కొబ్బరిచిప్ప ఇచ్చాడు. చక్రపాణిగారు దండం పెట్టుకుని, అందరికీ మంచి జరగాలని మొక్కుకున్నానన్నారు. అందరిలో నర్సింలు ఉన్నాడో లేడో చెప్పలేదు.

తిరిగి అదే బంకుకు వచ్చి మళ్ళీ మూతిదాకా నింపించారు. ఆయనే తాళం తీశారు, ఆయనే పైపు దగ్గర నిలబడ్డారు. ఉండాల్సినదానికంటే బాగా ఎక్కువ పట్టింది.

ఇంతకంటే రుజువేం కావాలి? కారు దిగని మనిషి, తాళం వేసిన ట్యాంకు, వెనక సీట్లో సాక్షాత్తూ ఆఫీసరు. దొంగ లేకుండానే పెట్రోలు పోయింది.

"చూసిండ్రు గద సార్, మీ కండ్ల ముంగటనే తాగింది" అన్నాను.

చక్రపాణిగారు బంకు మీటరు చూసి, ట్యాంకు మూతకు మళ్ళీ తాళం వేశారు. తర్వాత అన్నారు: "అయితే వీడు దొంగ కాదు."

నర్సింలు కళ్ళు మూసుకున్నాడు.

"తోలడం రాదన్నమాట. కాలు బరువు."

"సార్, మీరే గద మెల్లిగ పోనీ అన్నది!" అన్నాను.

"మెల్లిగా పోతూ కూడా ఇంత తాగించాడంటే, ఎంత బరువో చూడు."

చేసిన నింద తప్పని తేలితే నింద మార్చుకుంటారు గానీ మనిషిని వదలరు. మర్నాటి నుంచి నర్సింలును డ్యూటీ నుంచి ఆపేశారు.

విప్పితే

మర్నాడు పొద్దున్నే, ఎవరినీ అడగకుండా, ముందు ఆఫీసరు కారుది, తర్వాత సూరన్న వ్యానుది మెయిన్ జెట్లు విప్పాను. కోపంతో విప్పాను, ఆ కోపానికి మరి రెండు బండ్లు కూడా విప్పేసేవాడినే.

రెండు జెట్లూ అరచేతిలో పెట్టుకుని చూశాను. జెట్టు మీద అంకె మామూలుగా కనిపించదు, వెలుతురుకు అటూ ఇటూ తిప్పాలి. ఇవి మాత్రం దూరం నుంచే కనిపించాయి. పూజనాటి కుంకుమ నూనెతో కలిసి అంకెల గాడుల్లో ఇరుక్కుపోయి, ఎర్రసిరాతో రాసినట్టుంది. అమ్మవారు ఇంతకంటే ఏం చేస్తుంది? అచ్చు వేసి ఇచ్చింది. చిన్న ఇంజన్ కారులో పెద్ద అంకె, పెద్ద ఇంజన్ వ్యానులో చిన్న అంకె. రెండు కార్బరేటర్లూ ఒకే కంపెనీవి, మరచుట్లు ఒకటే. పళ్ళెంలో కలిసిపోయి, అటుది ఇటు ఎక్కింది.

సూరన్న నా భుజం మీంచి చూశాడు. "అంటే ఇన్నాళ్ళూ నా కూడు ఆ కారు తినేసిందన్నమాట!"

రామ్మూర్తిగారు వచ్చారు. జెట్లు చూపించాను. ఆయనకు వివరించక్కర్లేదు, ఒక్క చూపు చాలు. ముఖంలో రంగు పోయింది. నా చేతిలోంచి తీసుకుని, రెండూ సరైన చోట తనే బిగించారు. తర్వాత నన్ను స్టోర్ వెనక్కు తీసుకెళ్ళారు.

"ఇది బయటకు పోనీకు సత్తయ్యా. పూజ మీద మాట వస్తుంది."

"పూజ మీద గాదు సార్, పులిహోర మీద వస్తది. జెట్లు సూసి బిగియ్యలే గంతే."

"వచ్చే ఏడాది పూజ ఆపించేస్తారయ్యా."

"ఇప్పుడు నర్సిమ్లన్న నౌకరి ఆపిండ్రు గద."

"దానికి నేను చూసుకుంటానుగా" అన్నారు. నేను నమ్మాను. ఆయన చూసుకున్నది ఏమిటంటే, ఆఫీసరు దగ్గరకు వెళ్ళి, "సర్వీసింగ్ చేశాం సార్, కారు ఇప్పుడు బాగుంది" అనడం.

కారు నిజంగానే బాగుంది. వ్యాను గుండిగలతో సహా ఎత్తు ఎక్కి, ఎక్కినందుకు హారన్ కొట్టింది. సూరన్న చక్రపాణిగారి గది దాకా వెళ్ళి, "అయ్యా, నా వ్యానూ ఆ కారూ ఒకేరోజు జబ్బుపడ్డాయి, ఒకేరోజు లేచాయి. కవలపిల్లలు కాదు కదండీ" అన్నాడు. నేనూ వెళ్ళి పళ్ళెం సంగతి మొదటినుంచీ చెప్పాను.

"ఫోర్‌మన్ అలా అనలేదే" అన్నారు చక్రపాణిగారు. "సర్వీసింగ్ వల్ల బాగైందన్నాడు. మంచిదేగా?"

ఏదో ఒకటి

రెండురోజుల తర్వాత అందరినీ షెడ్డులో నిలబెట్టారు. నర్సింలును కబురు పెట్టి పిలిపించారు. ఉతికిన ధోవతి కట్టుకుని వచ్చాడు. యూనిఫాం వేసుకునే హక్కు ఉందో లేదో తెలియక అలా వచ్చానని తర్వాత చెప్పాడు.

చక్రపాణిగారు పెద్దమనసుతో ఉన్నారు. "చూడు నర్సింలూ, కారు బాగైంది. జరిగిందేదో జరిగింది. అందరి ముందూ ఒక్కసారి తప్పయిందని అనేయ్. రేపటినుంచి డ్యూటీకి వచ్చేయ్."

"ఏం తప్పు సార్?"

"ఏదో ఒకటి."

నేను కల్పించి రాయడం లేదు. ఆయన అన్న మాట అదే. ఆయన దృష్టిలో అది దయ.

"అయ్యా, ఏదో ఒకటైతే నా దగ్గర చాలా ఉన్నాయండి, నేను అనేదా?" అన్నాడు సూరన్న. కొందరు నవ్వారు. నువ్వూరుకో అన్నారు చక్రపాణిగారు.

నేను రామ్మూర్తిగారినే చూస్తున్నాను. అక్కడ ఒక్క వాక్యం చాలు: జెట్లు మేమే మార్చాం సార్. అంతే. ఉద్యోగం పోదు. జీతం తగ్గదు. ఆయన ఆఫీసరుకు ఇష్టుడు. మహా అయితే ఒకరోజు ముఖం ఎర్రబడుతుంది. ఆ వాక్యం గొంతు దాకా వచ్చింది, నేను చూశాను. ఆయన చెప్పుల వంక చూసుకుని మింగేశారు.

"జెట్లు పూజల కలిసినయ్ సార్. డ్రైవర్ తప్పు లేదు" అని నేనే అన్నాను, గట్టిగా.

"నిన్నెవరడిగారు?"

అందరూ నర్సింలు వైపు తిరిగారు. అనకపోతే నౌకరి లేదు, అంటే దొంగ అయినా కావాలి, చేతగానివాడైనా కావాలి. అనొద్దన్నా అని లోపల అరుస్తున్నాను. నాకేం, నాకు చేను లేదు, పిల్లలు లేరు, కిరాయి గది. ఇంకొకరి తిండి మీద పౌరుషం పడటం చాలా సులువు.

నర్సింలు ఒకసారి గ్రీజు గుంత వైపు చూసి, చేతులు కట్టుకున్నాడు.

"తప్పయింది సార్" అన్నాడు. మామూలు గొంతుతోనే. "మా నాయన భూమి ఇయ్యకుంట ఉండాల్సింది. తప్పు మాదే."

ఇప్పుడు ఏదో జరుగుతుందనుకున్నాను. ఆఫీసరు మండిపడాలి, లేదా కుంగిపోవాలి. ఫోర్‌మన్ ముందుకు రావాలి. కనీసం ఏదైనా పానా కింద పడాలి.

"సరే" అన్నారు చక్రపాణిగారు. "రేపు ఎనిమిదింటికి రా. యూనిఫాం ఇస్త్రీ చేయించుకో." వెళ్ళిపోయారు. ఆయనకు కావాల్సిన మొదటి మాట దొరికింది, మిగతాది వినలేదు. విన్నా అర్థం చేసుకునే తీరిక లేదు.

ఆ సాయంత్రం ఇంటికి వెళుతుంటే నేను ఉడికిపోతున్నాను. "అట్లెందుకు ఒప్పుకున్నవే అన్నా?"

"ఒప్పుకున్ననా?" అన్నాడు నర్సింలు. "నాకు నిజంగ తప్పనిపిచ్చిందే చెప్పిన. జెర నీ మొఖం కడుక్కో తమ్మీ, నాకంటె నువ్వే ఎక్కువ పరేషాన్ ఉన్నవ్."

తర్వాత నర్సింలు రిటైరయ్యేదాకా కార్లే తోలాడు. చక్రపాణిగారు బదిలీ అయ్యేదాకా అతని వెనక సీట్లోనే కూర్చున్నారు. ఆ ఇద్దరూ మళ్ళీ మాట్లాడుకోలేదని రాస్తే బాగుంటుంది. మాట్లాడుకునేవారు, ఎక్కువగా వానల గురించి.

మరుసటి దసరాకు జెట్లు విడివిడి పళ్ళేలలో వచ్చాయి, బండికొక పళ్ళెం. రామ్మూర్తిగారే తన ఇంటినుంచి తెచ్చారు. ఆయన అలా తప్పు ఒప్పుకున్నారని షెడ్డులో కొందరు మెచ్చుకున్నారు. నేను మెచ్చుకోలేదు. తప్పు చేయనివాడు అందరి ముందూ నోటితో తప్పయిందన్నాడు. మౌనంగా ఉన్నవాడికి పళ్ళెంతో సరిపోయింది. నా గురువు మీద నాకున్న గౌరవమంతా అలాగే ఉంచి, ఈ మాట ఇక్కడ రాస్తున్నాను: మీరు ఫోర్‌మన్లయ్యాక, మీ తప్పుకు కిందివాడు చేతులు కట్టుకుని నిలబడితే, మీరు మెకానిక్ కారు. మంచి పూజారి అయితే కావచ్చు.

ఇంతకుమించి నేర్పడానికి నా దగ్గరేమీ లేదు. మెయిన్ జెట్టు విప్పేటప్పుడు స్క్రూడ్రైవర్ మొన దాని గాడి నిండా పట్టాలి, లేకపోతే అంచులు చితికిపోతాయి. కింద వాషర్ ఉంటే పాతది మళ్ళీ వేయకూడదు, కారుతుంది.